గతుకుల రోడ్డుకి క్రాసోవర్ కొంటున్నారా? ముందు టేపు పట్టుకోండి

క్రాసోవర్ అంటే మామూలు కారు కన్నా కాస్త ఎత్తుగా ఉండే బండి. దాని బ్రోషర్‌లో గ్రౌండ్ క్లియరెన్స్ 200 మి.మీ. అని ఉంటుంది. పక్క కంపెనీ బండిది 190. ఇంకేం ఆలోచిస్తాం, 200 వైపే మొగ్గుతాం. నేనూ ఒకసారి అలాగే మొగ్గాను. ఖాళీ బండితో పదిసార్లు హాయిగా దాటిన మిట్ట మీదే, ఐదుగురం ఎక్కి డిక్కీ నిండా సామాను వేసుకుని వెళ్లిన రోజు అడుగున గర్రుమని గీసుకుంది. లోపల కూర్చున్న వాళ్లందరూ ఒకేసారి నోరు మూసుకున్నారు. ఆ చప్పుడు వింటే ఎవరికైనా అంతే. దిగి వంగి చూస్తే సైలెన్సర్ పైపు మీద జానెడు గీత. ఆ 200 అనే అంకెను ఎలా కొలిచి వేశారో కొనేముందు నేను అడగలేదు, అదీ సంగతి.

గ్రౌండ్ క్లియరెన్స్ అంటే చదునైన నేల మీద నిలబెట్టిన బండికి, టైర్లూ చక్రాలూ వదిలేసి, అన్నిటికన్నా కిందికి ఉన్న భాగానికీ నేలకీ మధ్య ఉన్న ఖాళీ. కానీ మన గతుకుల రోడ్డు చదునుగా ఉండదు, బండి ఎప్పుడూ ఖాళీగా ఉండదు, నిలబడి అసలే ఉండదు. అందుకే కొనేముందు ఆ అంకెను మనమే ఒకసారి విప్పి చూసుకోవాలి. దానికి కావాల్సినవి ఒక టేపు, మీటరు పొడవున్న తిన్నని చెక్క బద్ద, వాలు కొలిచే లెవెల్ యాప్ ఉన్న ఫోను. ఒక టార్చి కూడా ఉంటే మంచిది.

మొదట మీ రోడ్డు కొలవండి

షోరూమ్‌కి వెళ్లేముందు చేయాల్సిన ఈ పనిని దాదాపు ఎవరూ చేయరు. మీరు తరచూ వెళ్లే దారిలో మిమ్మల్ని ఇబ్బంది పెట్టే చోట్లు రెండో మూడో ఉంటాయి. మిగతా దారంతా ఏ కారైనా పోతుంది. ఆ రెండు మూడు చోట్ల దగ్గరే బండి దిగి చూడండి.

మట్టి దారిలో చక్రాలు తిరిగి తిరిగి రెండు పక్కలా గాళ్లు పడి, మధ్యలో గట్టులా లేచి ఉంటుంది కదా. బద్దను ఆ గట్టు మీద అడ్డంగా, నేలకు సమంగా పెట్టి, దాని కొస నుంచి గాడి అడుగు దాకా టేపు వదలండి. 150 మి.మీ. వచ్చిందనుకోండి, వానాకాలంలో టైరు ఆ మెత్తటి మట్టిలో ఇంకాస్త దిగుతుంది. దానికి ఓ రెండు వేళ్ల మందం కలుపుకోండి. గట్టు మీద గడ్డి ఉంటే భయం లేదు. గడ్డిలో దాక్కున్న రాయితోనే భయం. కాబట్టి గడ్డి పక్కకి తొలగించి చూడండి.

స్పీడ్ బ్రేకర్లకి, కల్వర్టు మిట్టలకి ఎత్తు ఒక్కటే సరిపోదు. అది ఎంత నిట్రంగా లేచిందో కూడా కావాలి. బద్దను ఆ ఎక్కుడు మీద ఆనించి, దాని మీద ఫోను పెట్టండి. యాప్ డిగ్రీల్లో చెబుతుంది. రెండో వైపు దిగుడుకీ అలాగే చేయండి. ఇంటి ముందు ర్యాంప్ ఉంటే దాన్నీ వదలకండి. రోజుకి రెండుసార్లు దాటే చోటు అదే మరి.

ఈ అంకెలు ఒక కాగితం మీద రాసుకుంటే సగం పని అయిపోయినట్టే. చాలామందికి ఈ దశలోనే తెలిసిపోతుంది, వాళ్ల దారికి పెద్ద ఎత్తు అక్కర్లేదని. గుంతలు మాత్రమే ఉన్న తారు రోడ్డుకి ఎత్తు కన్నా టైరు మందం, మంచి షాక్ అబ్జార్బర్లు ముఖ్యం. గుంతలో పడి రిమ్ము వంగే బండ్లే ఎక్కువ, చాంబర్ (ఇంజిన్ కింది ఆయిల్ తొట్టి) పగిలేవి తక్కువ.

ఆ అంకె ఖాళీ బండిదా, నిండు బండిదా?

అన్ని కంపెనీలూ ఒకేలా కొలవవు. కొన్ని మనుషులు లేని ఖాళీ బండిని కొలిచి చెబుతాయి. కొన్ని డ్రైవర్‌ని కూర్చోబెట్టి, ఇంకొన్ని పూర్తి బరువు వేసి కొలుస్తాయి. పూర్తి బరువుతో 180 మి.మీ. ఉన్న బండి, ఖాళీగా 200 ఉన్న బండి కన్నా నిజానికి ఎత్తుగా ఉండొచ్చు. స్పెసిఫికేషన్ల పేజీలో అంకె పక్కన లాడెన్ (బరువుతో) అని ఉందా, అన్‌లాడెన్ (ఖాళీగా) అని ఉందా చూడండి. ఏమీ రాయకపోతే ఖాళీ బండి కొలతే అనుకోండి. అలా అనుకుంటే నష్టపోయేది ఏమీ లేదు.

ఎయిర్ సస్పెన్షన్, అంటే ఇనుప స్ప్రింగుల బదులు గాలి సంచుల మీద నిలబడే ఏర్పాటు ఉన్న ఖరీదైన బండ్లతో ఇంకో తిరకాసు ఉంది. ల్యాండ్ రోవర్ డిఫెండర్‌కి 291 మి.మీ. అని గొప్పగా చెబుతారు. అది అబద్ధం కాదు గానీ, బటన్ నొక్కి బండిని మామూలు ఎత్తు కన్నా 75 మి.మీ. పైకి లేపినప్పటి మాట. వేగం పెరిగితే ఆ ఎత్తు ఉండదు, బండి తనంతట తానే కిందికి దిగుతుంది.

బరువుకి మీ బండి ఎంత దిగుతుందో కనుక్కోవడం తేలిక. టెస్ట్ డ్రైవ్‌కి ఒక్కరే వెళ్లకండి, ఇంటిల్లిపాదినీ తీసుకెళ్లండి. చదునైన చోట ఖాళీ బండిని నిలబెట్టి, ముందు చక్రం పైన ఉన్న ఫెండర్ అంచు నుంచి నేల దాకా కొలవండి. వెనక చక్రం దగ్గరా అలాగే. తర్వాత అందరూ ఎక్కండి. సామాను లేకపోతే డిక్కీలో ఇద్దరు కాసేపు కూర్చున్నా ఫరవాలేదు, సేల్స్‌మన్ కాస్త వింతగా చూస్తాడు, చూడనివ్వండి. బండిని ఓ పది మీటర్లు ముందుకి, వెనక్కి కదిపి ఆపండి, అప్పుడే స్ప్రింగులు సరిగ్గా సర్దుకుంటాయి. మళ్లీ కొలవండి. ముందు 15, వెనక 45 మి.మీ. దిగిందనుకుందాం. అప్పుడు బండి నడుము దగ్గర సుమారు 30 మి.మీ. పోయినట్టు. బ్రోషర్‌లోని 200 ఖాళీ బండిదైతే, మీ కుటుంబం ఎక్కాక నడుము కింద 170, తోక కింద ఇంకా తక్కువ. మీ కాగితం మీది అంకెలతో పోల్చాల్సింది ఈ మిగిలిన ఎత్తుని.

దాని నుంచి కూడా ఓ 20 మి.మీ. పక్కన పెట్టుకోమంటాను. స్ప్రింగులు ఏళ్లు గడిచే కొద్దీ కుంగుతాయి. టైరు అరుగుతుంది. కొత్త టైరుకి గాడి లోతు 8 మి.మీ. దగ్గర ఉంటుంది, చట్టం చాలా దేశాల్లో 1.6 దాకా అరగనిస్తుంది. అక్కడే ఆరు పోయింది.

వంగి చూడండి, ఏది కిందికి ఉందో

షోరూమ్‌లో సీట్ల మీద చెయ్యి పెట్టి చూసేవాళ్లే గాని, నేల మీద మోకాలు పెట్టేవాళ్లు ఉండరు. వంగలేకపోతే ఫోన్‌లో వీడియో ఆన్ చేసి, బద్దకి కట్టి కిందికి తోయండి. చూడాల్సినవి ముందు నుంచి వెనక్కి చెబుతాను.

బంపర్ కింద మెత్తటి ప్లాస్టిక్ పెదవి లాంటిది వేలాడుతుంటుంది. గాలిని మళ్లించడానికి పెడతారు. చాలా బండ్లలో ముందుగా తగిలేది అదే. చప్పుడు చేస్తుంది, గీసుకుపోతుంది, అంతకు మించి ప్రమాదం లేదు. దాన్ని చూసి బండిని వద్దనుకోకండి.

దాని వెనక ఇంజిన్ కింద ఆయిల్ సంప్, అదే మెకానిక్‌లు చాంబర్ అనేది. ఇక్కడ దెబ్బ తగిలితే మాత్రం తలనొప్పే. అల్యూమినియం చాంబర్ అయితే పగులుతుంది, ఆయిల్ కారిపోతుంది. రేకు చాంబర్ అయితే సొట్ట పడుతుంది. కారలేదు కదా అని సంతోషించేలోపే, లోపల ఆయిల్ పీల్చే గొట్టం మూతికి ఆ సొట్ట అడ్డం పడి ఇంజిన్‌కి ఆయిల్ అందకపోవచ్చు. కాబట్టి చాంబర్ కింద ఏముందో చూడండి. పల్చటి ప్లాస్టిక్ షీటు ఉంటే అది బురదని ఆపుతుంది, రాయిని ఆపదు. చాంబర్‌ని రాళ్ల నుంచి కాపాడే గట్టి పలకని స్కిడ్ ప్లేటు అంటారు. వేలితో నొక్కితే లోపలికి పోయేది స్కిడ్ ప్లేటు కాదు, పేరు ఏదైనా పెట్టుకోనివ్వండి. బంపర్ మీద వెండి రంగు ప్లాస్టిక్ అతికించి దానికీ స్కిడ్ ప్లేట్ అనే పేరు పెడుతున్నారు, అది ఫొటోలకి. అసలైనది ఇనుముదో మందపాటి అల్యూమినియందో, బోల్టులతో బిగించి ఉంటుంది. విడిగా కొని వేయించుకోవచ్చు, కానీ అదీ కొన్ని మి.మీ. ఎత్తు తింటుంది, ఇంజిన్ వేడి బయటికి పోయే దారి మూసేయకూడదు.

మధ్యలో సైలెన్సర్ పైపు, దాని మధ్య ఉబ్బుగా, పొగని శుద్ధి చేసే క్యాటలిటిక్ కన్వర్టర్. వెనక పెట్రోలు ట్యాంకు, చక్రాలని కలిపే యాక్సిల్. కొన్ని బండ్లలో స్టెప్నీని డిక్కీ కింద బయటికి వేలాడదీస్తారు, అప్పుడు వెనకవైపు ఎత్తు దానిదే. ఒకే మోడల్‌లో రెండు చక్రాల డ్రైవ్‌కీ నాలుగు చక్రాల డ్రైవ్‌కీ వెనక అమరిక వేరుగా ఉంటుంది, అందుకే మీరు కొనబోయే వేరియంట్ కిందే చూడాలి.

కరెంటు బండి అయితే లెక్క పూర్తిగా వేరు. బ్యాటరీ పెట్టె రెండు యాక్సిళ్ల మధ్య నేల మొత్తం పరుచుకుని ఉంటుంది. మామూలు బండిలో అన్నిటికన్నా కిందికి ఉండేది ఏదో ఒక మూల. రాయిని కాస్త పక్కకి తప్పిస్తే బతికిపోతాం. ఇక్కడ పక్క అనేదే లేదు, ఎటు తిప్పినా దాని కిందనే. పైగా అన్నిటికన్నా ఖరీదైన భాగం అదే. గాళ్లు పడ్డ మట్టి దారి రోజూ తప్పనివాళ్లు కరెంటు క్రాసోవర్ తీసుకుంటే, పెట్రోలు బండికి అనుకున్న ఎత్తు కన్నా ఎక్కువే చూసుకోవాలని నా అభిప్రాయం.

కోణాలు: అసలు కథ ఇక్కడుంది

ఎత్తు ఎంతున్నా ముక్కు పొడుగైన బండి ఎక్కుడు దగ్గర ముక్కు గుద్దుకుంటుంది. తోక పొడుగైనది దిగేటప్పుడు తోక ఈడ్చుకుంటుంది. వీటినే అప్రోచ్ యాంగిల్, డిపార్చర్ యాంగిల్ అంటారు. చక్రం నేలకి ఆనిన చోటు నుంచి బంపర్ కింది అంచుకి గీసిన గీత నేలతో చేసే కోణం అన్నమాట. జపాన్ కార్ల కంపెనీ సుబారు వాళ్ల క్రాస్‌ట్రెక్, అవుట్‌బ్యాక్ రెండింటికీ కంపెనీ ఇచ్చే ఎత్తు ఒకటే, 8.7 అంగుళాలు, అంటే 220 మి.మీ. కానీ 2020 తరం అవుట్‌బ్యాక్‌కి తోక పొడవు. దాని డిపార్చర్ యాంగిల్ 22 డిగ్రీల దగ్గర ఆగితే, పొట్టి క్రాస్‌ట్రెక్‌ది 30 దగ్గర ఉంటుంది. ఎత్తు మాత్రమే చూసినవాడికి ఆ రెండూ ఒక్కటే.

మూడోది బ్రేకోవర్ యాంగిల్. ముందు చక్రాలు మిట్ట దిగి, వెనక చక్రాలు ఇంకా ఎక్కకముందు, నడుము మిట్ట మీద ఆనుతుందా లేదా చెప్పేది ఇదే. రెండు చక్రాల మధ్య దూరం, అంటే వీల్‌బేస్ పెరిగిన కొద్దీ ఇది తగ్గుతుంది. చిన్న లెక్క వేద్దాం. వీల్‌బేస్ 2600 మి.మీ., నడుము కింద 200 మి.మీ. ఉంటే కోణం సుమారు 17.5 డిగ్రీలు. అదే 200 ఎత్తుతో వీల్‌బేస్ 2800 అయితే 16.3కి పడిపోతుంది. మళ్లీ 17.5 రావాలంటే 215 మి.మీ. ఎత్తు కావాలి. టైరు గుండ్రంగా ఉండటం వల్ల అసలు బండికి ఇంతకన్నా కాస్త ఎక్కువే వస్తుంది, కానీ రెండు బండ్లని పోల్చడానికి ఈ లెక్క చాలు. వెనక సీట్లో కాళ్లు చాపుకునే చోటు ఎక్కువ కావాలంటే వీల్‌బేస్ పొడవు కావాలి, మిట్ట దాటాలంటే పొట్టిది కావాలి. రెండూ ఒకే బండిలో దొరకడం కష్టం.

చట్టాలు కూడా ఒక్క ఎత్తుని నమ్మవు. అమెరికాలో ఇంధన పొదుపు నిబంధనల కింద ఒక బండిని కచ్చా దారులకి పనికొచ్చేదిగా లెక్కించాలంటే, ఐదు కొలతల్లో కనీసం నాలుగు ఉండాలి: అప్రోచ్ 28 డిగ్రీలు, బ్రేకోవర్ 14, డిపార్చర్ 20, మధ్యలో 20 సెం.మీ. ఎత్తు, రెండు యాక్సిళ్ల కింద 18 సెం.మీ. చొప్పున. ఐరోపా నిబంధనల్లోనూ ఇలాంటి ఆరు కొలతలున్నాయి, ఐదైనా దాటాలి. మీ అవసరం అంత దూరం వెళ్లకపోవచ్చు. అయినా ఈ అంకెలు పక్కన పెట్టుకుంటే ఏ బండి ఎక్కడ ఉందో తెలుస్తుంది.

బ్రోషర్‌లో కోణాలు ఇవ్వకపోతే మీరే కొలవండి. బద్ద ఒక కొసని ముందు టైరు నేలని తాకే చోట టైరుకి ఆనించి, రెండో కొసని బంపర్ కింది అంచుకి తగిలేదాకా లేపండి. దాని మీద ఫోను పెట్టండి. అంతే, అప్రోచ్ యాంగిల్ వచ్చేసింది. వెనకా అదే పని, వీలైతే మనుషులు కూర్చున్నాక. మీ కాగితం మీద ర్యాంప్ వాలు 18 డిగ్రీలు ఉండి, బండికి 19 వస్తే వద్దనే అంటాను. బ్రేక్ వేస్తే ముక్కు వంగి ఆ ఒక్క డిగ్రీ అక్కడే కరిగిపోతుంది.

టైరు, రిమ్ము

పెద్ద అల్లాయ్ రిమ్ము వేస్తే బండి ఎత్తవుతుందని చాలామంది నమ్మకం. లెక్క చూడండి. టైరు మీది అంకెల్లో మొదటిది వెడల్పు మి.మీ.లో, రెండోది ఆ వెడల్పులో రబ్బరు గోడ ఎన్ని శాతమో, చివరిది రిమ్ము అంగుళాల్లో. 215/65 ఆర్16 టైరు మొత్తం వ్యాసం 686 మి.మీ. 215/55 ఆర్18 టైరుది 694. ఎనిమిది తేడా. దాంట్లో సగమే, అంటే నాలుగు మి.మీ. మాత్రమే బండికి ఎత్తు. కానీ రిమ్ముకీ నేలకీ మధ్య ఉండే రబ్బరు గోడ 140 నుంచి 118 మి.మీ.కి తగ్గిపోయింది. గుంత దెబ్బని మింగేది ఆ గోడే. కాబట్టి ఒకే బండికి 16, 18 అంగుళాల చక్రాల వేరియంట్లు ఉంటే, గతుకుల దారికి నేను కళ్లు మూసుకుని 16 తీసుకుంటాను. సన్‌రూఫ్ కోసం పై వేరియంట్‌కి వెళ్తే పెద్ద రిమ్ము కూడా వెంట వస్తుంది, అది వేరే బాధ.

కొన్నాక ఎత్తు పెంచుకుందాం లే అనుకునేవాళ్లకి ఒక మాట. స్ప్రింగుల మీద స్పేసర్లు వేస్తే బండి లేస్తుంది, నిజమే. దానితోపాటు చక్రాలని తిప్పే డ్రైవ్ షాఫ్టుల కోణం మారి జాయింట్లు త్వరగా అరుగుతాయి, హెడ్‌లైట్లు ఎదుటివాడి కళ్లలో పడతాయి, వారంటీ, ఇన్సూరెన్స్ గొడవలు వస్తాయి. కంపెనీ చెప్పిన దానికన్నా పెద్ద టైర్లు వేస్తే స్పీడోమీటర్ తక్కువ చూపిస్తుంది, చక్రం తిప్పినప్పుడు ఫెండర్‌కి రాసుకోవచ్చు. ఎత్తు చాలని బండి కొని లేపే కన్నా, ఎత్తు చాలిన బండి కొనడమే చవక.

అలాగని అందరికన్నా ఎత్తైనదే కొనమనడం లేదు. బండి బరువు కేంద్రం ఎంత పైకి పోతే మలుపుల్లో అంత ఒరుగుతుంది. పల్టీ ప్రమాదాన్ని అంచనా వేయడానికి ఇంజినీర్లు చూసే లెక్క ఇదే: ఎడమ, కుడి చక్రాల మధ్య వెడల్పుని, బరువు కేంద్రం ఎత్తుకి రెట్టింపుతో భాగిస్తారు. ఆ అంకె తగ్గిన కొద్దీ పల్టీ భయం ఎక్కువ. పైగా మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లు ఎక్కాలి, దిగాలి. మీ కాగితం 175 చాలంటే 220 వెంట పడకండి. ఇంకోటి, ఎత్తు ఎక్కువ ఉందని నీళ్లలోకి దిగకండి. బండి ఎంత లోతు నీళ్లు దాటగలదన్నది ముఖ్యంగా ఇంజిన్ గాలి పీల్చే చోటు ఎక్కడుందో దాన్ని బట్టి ఉంటుంది, కొన్ని కంపెనీలు ఆ లోతుని విడిగా చెబుతాయి.

చివరిగా మీ రోడ్డు మీదే నడపండి

టెస్ట్ డ్రైవ్‌కి వాళ్లు చూపించే నున్నటి రోడ్డుకి ఒప్పుకోకండి. మీ కాగితం మీదున్న చోట్లలో ఒకదానికైనా, నిండు బండితో తీసుకెళ్లండి. కుదరదంటే అలాంటి మిట్ట దగ్గర్లో వెతకండి. నెమ్మదిగా దాటేటప్పుడు ఒకరు దిగి పక్క నుంచి కింద ఎంత ఖాళీ ఉందో చూడాలి. తర్వాత మామూలుగా మీరు వెళ్లే వేగంతో ఇంకోసారి. నిలబడ్డప్పుడు తగలనిది, స్ప్రింగులు అణిగినప్పుడు తగలొచ్చు. మెత్తటి సస్పెన్షన్ ఉన్న బండి ఎక్కువ అణుగుతుంది. కూర్చోవడానికి హాయిగా ఉందని మనం మెచ్చుకునేది దాన్నే.

నడిపే పద్ధతితో కూడా రెండు వేళ్ల ఎత్తు సంపాదించవచ్చు. మిట్టకి ముందే బ్రేక్ వేసి, ముందు చక్రాలు ఎక్కే క్షణానికి కాలు తీసేయండి, ముక్కు లేస్తుంది. దారిలో పెద్ద రాయి కనిపిస్తే చాలామంది దాన్ని రెండు చక్రాల మధ్యకి తీసుకుంటారు. చాంబర్‌కి నేరుగా అప్పగించడమే అది. పక్కకి తప్పించే చోటు లేకపోతే, అంచులు పదునుగా లేని రాయి అయితే నెమ్మదిగా టైరునే దాని మీద ఎక్కించండి, బండి మొత్తం లేస్తుంది. గాళ్ల దారిలో ఒక చక్రాన్ని నడిమి గట్టు మీద, ఇంకోదాన్ని పక్క అంచు మీద నడిపితే గాడిలో పడం. నిట్రమైన మిట్టని ఏటవాలుగా, ఒక్కో చక్రం చొప్పున దాటితే నడుము ఆనదు, ఎదురుగా బండి రాకపోతేనే సుమా.

బండి ఇంటికి వచ్చిన రోజే అడుగు భాగం మొత్తం ఒక వీడియో తీసి ఉంచుకోండి. ఎప్పుడైనా కింద తగిలిన చప్పుడు వస్తే, ఆగి చూసి ఆ వీడియోతో పోల్చుకోవచ్చు. ప్లాస్టిక్ మీద కొత్త గీత ఉంటే పోనివ్వండి. చాంబర్ చుట్టూ తడి కనిపించినా, డాష్‌బోర్డ్ మీద ఆయిల్ దీపం ఎర్రగా వెలిగినా ఇంజిన్ అక్కడికక్కడే ఆపేయండి. మెకానిక్ షెడ్డు కిలోమీటరు దూరంలోనే ఉన్నా సరే, బండిని లాక్కునే వెళ్లాలి.